మదర్ 3 ఇంగ్లీష్ ప్యాచ్ వేస్తే తెల్ల స్క్రీన్ దగ్గర ఆగిపోతోంది, ఏం చేయాలి?

ప్రశ్న: గేమ్ బాయ్ అడ్వాన్స్ అనే నింటెండో చేతి మెషిన్‌కి జపాన్‌లో మాత్రమే విడుదలైన మదర్ 3 గేమ్‌ని అభిమానులు ఇంగ్లీష్‌లోకి అనువదించారని తెలిసి ఆడాలనుకున్నాను. ఆండ్రాయిడ్ ఫోన్‌లో ప్యాచ్ వేసి తెరిస్తే తెల్ల స్క్రీన్ తప్ప ఏమీ రావడం లేదు. ప్యాచ్ వేసేసిన ఫైలే నెట్‌లో దొరుకుతుంది కదా, అది దించుకో అంటున్నాడు ఫ్రెండ్. ఇది ఆడడం కుదిరితే తర్వాత ఏం ఆడొచ్చు? ఇలాంటి వాటిని తెలుగులోకి తేవడం సాధ్యమేనా?

జవాబు:

ముందు తెల్ల స్క్రీన్ సంగతి తేల్చేద్దాం. ఇలాంటప్పుడు అందరూ అనువాదాన్నో ఎమ్యులేటర్‌నో (పాత గేమ్ మెషిన్‌లా ఫోన్‌లో పనిచేసే యాప్) తిడతారు గానీ, చాలావరకు తప్పు మీ దగ్గరున్న అసలు ఫైలులోనే ఉంటుంది.

ప్యాచ్ అంటే గేమ్ కాదు. అసలు జపనీస్ ఫైల్లో ఏ చోట ఏ బైట్లు మార్చాలో చెప్పే చిట్టా అది. ఒకరి కొలతలతో కుట్టిన జాకెట్ లాంటిది, ఇంకొకరికి పట్టదు. ఎవరో కార్ట్రిడ్జ్ నుంచి సరిగ్గా తీయకపోయినా, ముందు తమ గ్రూపు పేరుతో ఇంట్రో అంటించినా, అప్పటికే ఏదో ప్యాచ్ వేసి ఉన్నా ఆ ఫైలు పనికిరాదు. జపనీస్‌లో మామూలుగానే ఆడుతుంది కాబట్టి ఫైలు బాగానే ఉందనుకుంటాం. ప్యాచ్ వేశాకే అసలు రంగు బయటపడుతుంది.

ప్యాచ్ ఫైలు పేరు చివర ఏముందో చూడండి. పాత పద్ధతి ఐపీఎస్. అది ఏ ఫైలు ఇచ్చినా నోరు మూసుకుని మార్చేస్తుంది, సరైనదో కాదో చూడదు. పైగా చిరునామాకి మూడు బైట్లే వాడుతుంది కాబట్టి 16 ఎంబీ దాటిన చోటుకి చేరలేదు. మదర్ 3 అయితే 32 ఎంబీ, గేమ్ బాయ్ అడ్వాన్స్ కార్ట్రిడ్జ్‌లలో పెద్ద సైజు. దాని అనువాదం యూపీఎస్ రూపంలో వచ్చింది. యూపీఎస్‌లోనూ, దాని తర్వాత వచ్చిన బీపీఎస్‌లోనూ అసలు ఫైలు ఎలా ఉండాలో సీఆర్‌సీ 32 అనే లెక్కతో సహా రాసి ఉంటుంది. తేడా ఉంటే సరైన టూల్ అక్కడికక్కడే ఎర్రర్ చూపిస్తుంది. మీ యాప్ ఏమీ అనకుండా పని పూర్తి చేసిందంటే ఆ చెకింగ్‌ని పట్టించుకోని యాప్ అయి ఉంటుంది. దాన్ని తీసేయండి.

ఇంకో తమాషా ఉంది. యూపీఎస్ ప్యాచ్ రెండు వైపులా పనిచేస్తుంది. ప్యాచ్ వేసిన ఫైలుకే మళ్లీ వేస్తే తిరిగి జపనీస్ అయిపోతుంది. "రెండోసారి వేశాను, ఇంగ్లీష్ పోయింది" అని వాపోయేవాళ్లకి జరిగేది ఇదే.

ఇప్పుడు చేయాల్సింది: ఫైలు జిప్‌లో ఉంటే ముందు బయటికి తీయండి. జిప్‌కే ప్యాచ్ వేసేవాళ్లు మీరు అనుకునేదానికంటే ఎక్కువమందే ఉన్నారు. తర్వాత రోమ్ ప్యాచర్ జేఎస్ అనే వెబ్ టూల్ తెరవండి. అది బ్రౌజర్‌లోనే పనిచేస్తుంది, మీ ఫైలు ఎక్కడికీ అప్‌లోడ్ కాదు. అసలు ఫైలు ఎంచుకోగానే కింద సీఆర్‌సీ 32 చూపిస్తుంది. ప్యాచ్‌తో పాటు వచ్చిన రీడ్‌మీ అనే వివరాల ఫైల్లో ఇచ్చినదానితో పోల్చండి. ఒక్క అంకె తేడా ఉన్నా ఇక ముందుకు వెళ్లొద్దు, వేరే కాపీ కావాలి.

అసలు ఫైలుని మార్చకుండా ఆడే దారి కూడా ఉంది, నేను వాడేది అదే. గేమ్ ఫైలూ ప్యాచ్ ఫైలూ ఒకే ఫోల్డర్‌లో ఒకే పేరుతో పెడితే చాలు, ఎంజీబీఏ ఎమ్యులేటర్ గేమ్ తెరిచేటప్పుడు తనే ప్యాచ్ కలిపేసుకుంటుంది. పేరు చివరి భాగం మాత్రం దేనిది దానికే ఉండాలి. అసలు ఫైలు చెక్కుచెదరదు. అనువాదం కొత్త వెర్షన్ వస్తే పాత ప్యాచ్ తీసి కొత్తది పెట్టుకోవడమే. ఫోన్‌లో అయితే రెట్రోఆర్క్ అనే యాప్‌లో ఎంజీబీఏ కోర్ (అదే ఎమ్యులేటర్, ఆ యాప్ లోపల నడిచే రూపంలో) వేసుకోండి. మెషిన్ స్టార్ట్ అవడానికి వాడే బయాస్ ఫైలు వేరేగా అక్కర్లేదు. ప్లే స్టోర్‌లో గేమ్ బాయ్ అని వెతికితే అడుగడుక్కీ యాడ్స్ వేసే యాప్‌లు బోలెడు కనిపిస్తాయి. చాలావాటిలో ఉండేది ఎవరో రాసిన ఓపెన్ సోర్స్ ఎమ్యులేటరే, పైన యాడ్స్ పూత.

ఇక గేమ్ తెరుచుకున్నాక వచ్చే అసలు తలనొప్పి గురించి ముందే చెబుతాను, ఎందుకంటే దాన్నీ అనువాదం మీదకే తోస్తారు. మదర్ 3లో ఫైట్ అంతా పాటతో ముడిపడి ఉంటుంది. కొట్టినప్పుడు వెనక వస్తున్న సంగీతం తాళానికి సరిగ్గా బటన్ నొక్కుతూ పోతే వరసగా 16 దెబ్బల దాకా పడతాయి. ప్రతి శత్రువుకీ ఏదో ఒక పాట, కొన్ని పాటల తాళం మధ్యలో మెలికలు తిరుగుతుంది. ఇది చెవితో ఆడే ఆట. బ్లూటూత్ ఇయర్‌బడ్స్ పెట్టుకుంటే శబ్దం సాధారణంగా సెకనులో పదో వంతు కంటే ఎక్కువే ఆలస్యంగా వస్తుంది. మీరు తాళానికే నొక్కుతారు, గేమ్ మాత్రం అప్పటికే ముందుకు వెళ్లిపోయి ఉంటుంది. రెండు మూడు దెబ్బలకి మించి పడవు. "ఈ ప్యాచ్‌లో కాంబో పనిచేయదు" అనే ఫిర్యాదుల్లో చాలావాటికి మూలం ఇదే. వైరున్న ఇయర్‌ఫోన్ పెట్టుకోండి, లేదా ఫోన్ స్పీకర్ వాడండి. రెట్రోఆర్క్ ఆడియో సెట్టింగ్స్‌లో లేటెన్సీ (ఆలస్యం) అంకెని, శబ్దం చిటపటలాడకుండా ఎంతవరకు వస్తే అంతవరకు తగ్గించండి.

తాళం ఎంతకీ దొరక్కపోతే గేమ్‌లోనే ఒక ఉపాయం పెట్టారు. శత్రువుని నిద్రపుచ్చితే పాటలో గుండె చప్పుడు పైకి వినిపిస్తుంది. ఆ చప్పుడుకి నొక్కితే చాలు. మొదట్లో దీన్ని చాలామంది గమనించరు.

సేవ్ విషయంలో పట్టుదలగా ఉండాలి. ఎమ్యులేటర్ ఇచ్చే సేవ్ స్టేట్ వేరు, గేమ్ లోపలి సేవ్ వేరు. సేవ్ స్టేట్ అంటే ఆ క్షణంలో మెషిన్ మెమరీ మొత్తాన్ని ఉన్నదున్నట్టు పక్కన పెట్టడం. రేపు మీరు ప్యాచ్ కొత్త వెర్షన్ వేసుకుని పాత సేవ్ స్టేట్ తెరిస్తే, మెమరీ పాత వెర్షన్‌ది, ఫైలు కొత్తది. డైలాగుల చోట పిచ్చి గీతలు, లేకపోతే గేమ్ ఫ్రీజ్. లోపలి సేవ్‌కి సాధారణంగా ఈ బాధ ఉండదు, ఎందుకంటే అందులో మీరు కథలో ఎక్కడున్నారు, జేబులో ఏముంది అన్నదే ఉంటుంది. మదర్ 3లో సేవ్ చేసేవి కప్పలు. ఎక్కడ కప్ప కనిపిస్తే అక్కడ ఆగి దాన్ని పలకరించండి. బస్సులో దిగాల్సిన స్టాప్ వచ్చేస్తే సేవ్ స్టేట్ వాడుకోండి, తప్పు లేదు, కానీ ఇంటికి వెళ్లాక కప్ప దగ్గర అసలు సేవ్ పడాల్సిందే. నెలకోసారి ఆ సేవ్ ఫైలుని ఫోన్ బయట ఎక్కడైనా కాపీ చేసుకుంటే ఇంకా మంచిది.

మీ ఫ్రెండ్ సలహాకి నా జవాబు వద్దనే. రెడీమేడ్ ఫైళ్లలో ఏ వెర్షన్ ప్యాచ్ ఉందో తెలియదు. మదర్ 3 అనువాదం మొదటి వెర్షన్ 2008 అక్టోబర్ 17న వచ్చింది, ఆ తర్వాత దోషాలు సరిచేసి ఇంకొన్ని వచ్చాయి. నెట్‌లో తిరిగే ఫైలు మాత్రం మొట్టమొదటిదే కావచ్చు. రీడ్‌మీ ఉండదు. ఎక్కడైనా ఇరుక్కుంటే అది ప్యాచ్ లోపమా, ఫైలు లోపమా చెప్పడం ఎవరి వల్లా కాదు.

ఇంగ్లీష్ మదర్ 3 కార్ట్రిడ్జ్ అంటూ ఆన్‌లైన్‌లో అమ్మేవాటి జోలికి అసలే పోకండి. నింటెండో ఈ గేమ్‌ని 2006 ఏప్రిల్ 20న జపాన్‌లో విడుదల చేసింది, ఈరోజు వరకు ఇంగ్లీష్‌లో తేలేదు. 2024 ఫిబ్రవరిలో తన చందా సేవ స్విచ్ ఆన్‌లైన్‌లో పెట్టినప్పుడు కూడా జపాన్ వాళ్లకే, జపనీస్‌లోనే. కాబట్టి ఇంగ్లీష్ అక్షరాలు కనిపించే కార్ట్రిడ్జ్ ఏదైనా నకిలీయే, అందులో రెండో మాట లేదు. అభిమానులు ఉచితంగా ఇచ్చిన పనిని అమ్ముకోవడం ఒక ఎత్తు. చవక చిప్పుల మీద ఎక్కించడం వల్ల కొన్నాళ్లకి సేవ్‌లు ఎగిరిపోవడం ఇంకో ఎత్తు.

అసలు జపనీస్ కార్ట్రిడ్జ్ కొనుక్కోవడం మాత్రం మంచి పనే. గేమ్ బాయ్ అడ్వాన్స్‌కి దేశాల వారీ తాళం లేదు, జపాన్ కార్ట్రిడ్జ్ ఏ మెషిన్‌లోనైనా నడుస్తుంది. సెకండ్ హ్యాండ్‌లో కొనేటప్పుడు అమ్మేవాళ్లని రెండు ఫోటోలు అడగండి. మొదటిది లేబుల్ మీద వెలుతురు ఏటవాలుగా పడేలా తీసింది. అసలుదైతే లేబుల్ మీద అచ్చుతో పాటు, నొక్కినట్టు లోపలికి దిగిన రెండంకెల గుర్తు సన్నగా కనిపిస్తుంది. రెండోది కింద బంగారు రంగు పిన్నుల వైపు నుంచి తీసింది. పిన్నులకి కాస్త పైన, సందులోంచి చూస్తే బోర్డు మీద నింటెండో పేరు ఉండాలి. ఈ ఫోటోలు పంపడానికి నసిగేవాళ్ల దగ్గర కొనకండి. కొన్నాక, కార్ట్రిడ్జ్‌ని యూఎస్‌బీతో కంప్యూటర్‌కి కలిపి ఫైలుగా తీసే చిన్న పరికరాలు దొరుకుతాయి. జీబీఎక్స్‌కార్ట్, జీబీ ఆపరేటర్ లాంటివి. అలా తీసుకున్న ఫైలు సీఆర్‌సీ సరిపోతుందా లేదా అన్న టెన్షనే ఉండదు.

చట్టం గురించి ఎవరో ఒకరు ఎలాగూ అడుగుతారు. మన 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో, కంప్యూటర్ ప్రోగ్రామ్ కాపీని చట్టబద్ధంగా కలిగి ఉన్నవాళ్లు దాని నుంచి బ్యాకప్ తీసుకోవచ్చని ఉంది. ఎవరో అప్‌లోడ్ చేసినది దించుకోవడం ఆ మినహాయింపు కిందికి రాదు. అనువాద హక్కు కూడా అసలు హక్కుదారుదే కాబట్టి, ఈ ప్యాచ్‌లన్నీ కంపెనీలు చూసీ చూడనట్టు వదిలేస్తే బతుకుతున్నవే. అన్నిసార్లూ వదలవు కూడా. సోనీ చేతి మెషిన్ పీఎస్‌పీలో 2011లో వచ్చిన ఫైనల్ ఫాంటసీ టైప్ 0కి 2014 జూన్‌లో అభిమానుల ప్యాచ్ వచ్చింది. తర్వాతి నెలలోనే గేమ్ కంపెనీ స్క్వేర్ ఎనిక్స్ అభ్యంతరంతో దాన్ని తీసేయాల్సి వచ్చింది. 2015 మార్చిలో కంపెనీయే హెచ్‌డీలో ఇంగ్లీష్ వెర్షన్ తెచ్చింది.

దీనికి పూర్తిగా ఎదురు నడిచిన కథ ఒకటుంది, నాకు బాగా నచ్చినది. ఫాల్కమ్ కంపెనీ గేమ్‌లు జీరో నో కిసెకి, ఆవో నో కిసెకి 2010, 2011లో పీఎస్‌పీకి వచ్చాయి. జియోఫ్రంట్ అనే అభిమానుల బృందం వీటిని 2020, 2021లో అనువదించింది. ఎన్ఐఎస్ అమెరికా అనే పబ్లిషర్ ఆ అనువాదాన్నే తీసుకుని 2022లో ట్రెయిల్స్ ఫ్రమ్ జీరో, 2023లో ట్రెయిల్స్ టు అజూర్ పేర్లతో అధికారికంగా అమ్మింది. కాబట్టి ఏదైనా ప్యాచ్ వెతికే ముందు ఆ గేమ్ ఈ మధ్య ఇంగ్లీష్‌లో వచ్చిందేమో చూసుకోండి. ఏస్ అటార్నీ ఇన్వెస్టిగేషన్స్ రెండో భాగం 2011లో నింటెండో డీఎస్ మెషిన్‌కి వచ్చి, 2014లో అభిమానుల చేతిలో ఇంగ్లీష్ అయింది, 2024లో కంపెనీ చేతిలో. కొనుక్కోగలిగితే ప్యాచ్ కోసం కష్టపడాల్సిన పనేముంది?

మదర్ 3 తర్వాత ఏం ఆడాలి అంటే నేను మొదట చెప్పేది ఒక పాత నలుపు తెలుపు గేమ్. కాయెరు నో తమే నీ కానె వా నారు, 1992లో గేమ్ బాయ్‌కి నింటెండో చేసింది. శాపం తగిలి కప్పగా, పాముగా మారే యువరాజు కథ. మరుసటి ఏడాది వచ్చిన జెల్డా లింక్స్ అవేకెనింగ్‌లో దీని పోలికలు కనిపిస్తాయి. ఇందులోని రిచర్డ్ ఆ జెల్డాలో కూడా కనిపిస్తాడు. నిడివి తక్కువ, ఒకటి రెండు వారాంతాల్లో అయిపోతుంది. 2011లో ఇంగ్లీష్ ప్యాచ్ వచ్చింది.

ఆడేటప్పుడు ఇందులో డైలాగ్ పెట్టెని ఒకసారి శ్రద్ధగా చూడండి. గేమ్ బాయ్ స్క్రీన్ అడ్డంగా 160 పిక్సెళ్లు. అక్షరానికి 8 పిక్సెళ్ల గడి అనుకుంటే వరసకి 20, అంచులు పోతే 18. కానా అనే సాదా జపనీస్ లిపిలో 18 అక్షరాలంటే ఒక వాక్యం హాయిగా పడుతుంది. ఇంగ్లీష్‌లో మూడు నాలుగు పదాలకే వరస నిండిపోతుంది. అందుకే అనువాదకులకి భాష రావడం ఒక్కటే చాలదు. గేమ్ అక్షరాలు గీసే కోడ్‌నే విప్పి, సన్న అక్షరానికి తక్కువ చోటు, వెడల్పు అక్షరానికి ఎక్కువ చోటు ఇచ్చేలా తిరిగి రాయాలి. డైలాగులు పొడవైతే అవి ఉన్న చోట పట్టవు, ఫైల్లో ఖాళీ చోటుకి తరలించి, గేమ్‌కి ఆ కొత్త చిరునామా చెప్పాలి. మెనూలు, వస్తువుల పేర్లు, పేరు పెట్టే స్క్రీన్, ఒక్కోదానికి ఒక్కో తిప్పలు. ప్రోగ్రామర్ దొరక్క, డైలాగులన్నీ అనువదించి కూడా ఏళ్ల తరబడి ఆగిపోయిన పనులున్నాయి. మదర్ 3 అదృష్టం ఏమిటంటే, దాన్ని నడిపించిన క్లైడ్ మాండెలిన్ వృత్తిరీత్యా కూడా జపనీస్ అనువాదకుడే.

కాబట్టి ప్యాచ్ ఎంచుకునేటప్పుడు గేమ్ పేరు కంటే ప్యాచ్ ఏ దశలో ఉందో ముందు చూడండి. "కథ పూర్తయింది, మెనూలు సగం" అని రాసి ఉంటే కథ ప్రధానమైన గేమ్ అయితే పర్వాలేదు. "మెనూలు మాత్రమే" అని ఉంటే ఫైటింగ్ గేమ్‌కి చాలు, డైలాగులతో నడిచే ఆర్‌పీజీకి (రోల్ ప్లేయింగ్ గేమ్) చాలదు. సగంలో ఆగిన ఆర్‌పీజీ మొదలుపెట్టకండి. ఇరవై గంటలు ఆడాక డైలాగులు జపనీస్‌లోకి మారితే ఆ కడుపుమంట మామూలుగా ఉండదు.

మిగతావి గబగబా చెప్పేస్తాను. ఫైర్ ఎంబ్లెమ్ బైండింగ్ బ్లేడ్, 2002, గేమ్ బాయ్ అడ్వాన్స్. స్మాష్ బ్రదర్స్ మెలీలో రాయ్‌ని చూసి ఎవరీ కుర్రాడు అనుకున్నవాళ్లకి అతని సొంత గేమ్ ఇదే. కష్టం గేమ్, ఓపిక ఉంటేనే. రిథమ్ టెంగోకు, 2006, భాష దాదాపు అక్కర్లేదు, కానీ పైన చెప్పిన బ్లూటూత్ గోల దీనికి ఇంకా ఎక్కువ. డీఎస్‌లో మోనోలిత్ సాఫ్ట్ 2008లో చేసిన సోమా బ్రింగర్. పీఎస్‌పీలో వాల్కిరియా క్రానికల్స్ 3, డిజిమాన్ వరల్డ్ రీడిజిటైజ్. పీఎస్‌పీ గేమ్‌లకి ప్యాచ్ చాలావరకు ఎక్స్‌డెల్టా రూపంలో ఉంటుంది. డిస్క్ పూర్తి కాపీ అయిన ఐఎస్ఓ ఫైలుకే వేయాలి. కుదించిన సీఎస్ఓకి వేస్తే పనిచేయదు. ముందు ప్యాచ్, తర్వాతే కుదింపు. ఆడడానికి పీపీఎస్ఎస్‌పీపీ చాలు, మధ్యరకం ఫోన్‌లో కూడా బాగానే నడుస్తుంది. 3డీఎస్ జోలికి ఇప్పుడే వెళ్లకండి. ఆ మెషిన్‌కి దేశాల వారీ తాళం ఉంది. సిట్రా ఎమ్యులేటర్ 2024 మార్చిలో మూతపడ్డాక మొదటిసారి వచ్చేవాళ్లకి గందరగోళం ఎక్కువైంది.

బొక్తాయి మూడో భాగం గురించి మాత్రం రెండు మాటలు. హిడియో కోజిమా నిర్మించిన సిరీస్, ఈ భాగం 2005లో వచ్చి జపాన్‌లోనే ఆగిపోయింది. కార్ట్రిడ్జ్‌లోనే ఎండని గుర్తించే సెన్సర్ ఉంటుంది, రక్తపిశాచుల్ని చంపాలంటే బయటికెళ్లి నిజం ఎండలో నిలబడి తుపాకీ చార్జ్ చేసుకోవాలి. ఎంజీబీఏలో దానికి బదులు వెలుతురు ఎంతో మనమే పెంచుకునే ఏర్పాటు ఉంది. రెంటచింతలలో మే నెలలో అసలు కార్ట్రిడ్జ్ పట్టుకుని కూర్చుంటే ఒక్క పిశాచి మిగలదు, మనం కూడా మిగలం.

ప్యాచ్‌లు ఎక్కడ దొరుకుతాయంటే, ఏళ్లుగా అందరూ వెళ్లిన చోటు రోమ్‌హ్యాకింగ్ డాట్ నెట్. 2024 ఆగస్టులో అది కొత్తవి తీసుకోవడం ఆపేసింది, అప్పటిదాకా చేరిందంతా ఇంటర్నెట్ ఆర్కైవ్‌కి అప్పగించింది. పాతవాటికి ఇప్పటికీ అదే ఆధారం. కొత్తవాటికి ఆయా బృందాల సొంత పేజీలే చూడాలి.

ఇక తెలుగు. సాధ్యమే, కానీ ఇంగ్లీష్ ప్యాచ్ మీద తెలుగు కట్టడం తప్పు దారి అని నా అభిప్రాయం. ఇంగ్లీష్ కోసం మార్చిన కోడ్ అక్షరం పక్కన అక్షరం పెట్టుకుంటూ పోతుంది. మన గుణింతాలు పైకి పోతాయి, ఒత్తులు కిందికి దిగుతాయి, స్త్రీ అని రాయాలంటే మూడు అంతస్తులు. 8 పిక్సెళ్ల గడిలో ఇది కుదరని పని. అయితే జపనీస్ అసలు గేమ్‌లో ఒక వెసులుబాటు ఉంది. కంజీ (చైనా లిపి నుంచి వచ్చిన జపనీస్ అక్షరాలు) వాడే డీఎస్, పీఎస్‌పీ గేమ్‌ల ఫాంట్‌లో పెద్ద గడులు, వేలకొద్దీ అక్షరాలకి చోటు, ఒక్కో అక్షరానికి రెండు బైట్ల నంబర్ ఇప్పటికే ఉంటాయి. ఒక్కో కంజీ ఉన్న చోట మనం ఒత్తుతో, గుణింతంతో సహా గీసిన ఒక పూర్తి తెలుగు అక్షరాన్ని కూర్చోబెట్టొచ్చు. హల్లులకి గుణింతాలన్నీ కలిపితే ఐదారు వందలు. గేమ్ డైలాగుల్లో నిజంగా వచ్చే సంయుక్తాక్షరాలు ఇంకొన్ని వందలు. స్క్రిప్ట్ ముందు రాసేసి, అందులో వాడిన అక్షరాల్నే లెక్కగట్టి గీసుకుంటే సరిపోతుంది. ఒత్తులకి ఎత్తు కావాలి కాబట్టి మూడు వరసల పెట్టె రెండు వరసలవుతుంది. డైలాగులు బిగించి రాయగలవాళ్లు కావాలి. మదర్ 3కి స్పానిష్, ఫ్రెంచ్, ఇటాలియన్ అనువాదాలున్నాయి, కానీ వాళ్లకి లిపి సమస్య లేదు. మీరు నిజంగా మొదలుపెట్టాలనుకుంటే నలభై గంటల ఆర్‌పీజీ వద్దు. డైలాగులు తక్కువున్న చిన్న డీఎస్ గేమ్ తీసుకోండి. ముందు ఒకే ఒక్క కంజీని చెరిపి అక్కడ "క్షీ" గీసి, గేమ్‌లో అది విరగకుండా కనిపిస్తుందేమో చూడండి.

సీఆర్‌సీ సరిపోయాక కూడా తెల్ల స్క్రీనే వస్తే ఫోన్ మోడల్, ఎమ్యులేటర్ పేరు, దాని వెర్షన్, ప్యాచ్ వెర్షన్ ఇక్కడే కింద రాయండి. ప్యాచ్ లేకుండా జపనీస్‌లో గేమ్ తెరుచుకుంటోందో లేదో కూడా చెప్పండి, దాన్నిబట్టే ఎక్కడ వెతకాలో తెలుస్తుంది.